రూల్ 9 గురించి కొన్ని మాటలు

(పెన్షనర్ల దినోత్సవ సభలో విశ్రాంత ఖజానా అధికారి ఒకరు చేసిన ప్రసంగ పాఠం)

సభకు నమస్కారం.

ఏటా డిసెంబరు 17న మనం సుప్రీంకోర్టు ఇచ్చిన నకారా తీర్పును తలుచుకుంటాం. పెన్షన్ దానం కాదు, హక్కు అని చప్పట్లు కొట్టి, భోజనాలు చేసి ఇళ్ళకు వెళతాం. ఈసారి కార్యదర్శిగారు నాకు కాస్త ఇబ్బందికరమైన అంశం అప్పగించారు. ఉద్యోగంలో తప్పు చేశాడన్న ఆరోపణ మెడ మీద ఉండగానే రిటైరైన మనిషి సంగతి ఏమిటి? అతనికీ పెన్షన్ హక్కేనా? అలాంటివారి పెన్షన్ ఆపే అధికారం ప్రభుత్వానికి ఇచ్చే నియమమే రూల్ 9. మన సభల్లో ఈ ప్రశ్న వినిపించదు. కేసు ఉన్నవారు సభలకు రారు. వచ్చినా చివరి వరుసలో కూర్చుంటారు. డీఏ బకాయిల మాట అయిపోగానే మెల్లగా లేచి వెళ్ళిపోతారు. ఇవాళ కూడా అలాంటివారు హాలులో ఉండే ఉంటారు. దయచేసి ఎవరూ వెనక్కి తిరిగి చూడకండి. (నవ్వులు)

నేను న్యాయవాదిని కాను. ఖజానా శాఖలో పెన్షన్ బిల్లులు చూసినవాడిని. నా మాటలు కాగితాలు తిరగేసిన మనిషి మాటలుగా వినండి. మీ కేసు కాగితాలు మాత్రం వకీలుకే చూపించండి.

నకారా కేసులో ఎవరి మీదా ఆరోపణ లేదు. అది తేదీ దగ్గర వచ్చిన తగాదా. 1979 మార్చి 31న గానీ ఆ తర్వాత గానీ రిటైరైనవారికి మెరుగైన లెక్క, అంతకు ముందు వెళ్ళిపోయినవారికి పాత లెక్క అన్నారు. అది కుదరదని 1982లో రాజ్యాంగ ధర్మాసనం చెప్పింది. తీర్పు రాసినవారు జస్టిస్ డి.ఎ. దేశాయ్. మన ఇవాళ్టి అంశానికి దగ్గరి చుట్టం అంతకన్నా పాత కేసు, 1971 మే నెలలో వచ్చిన దేవకీనందన్ ప్రసాద్ తీర్పు. ఆయన బీహార్ విద్యాశాఖ అధికారి. ఐదేళ్ళకు పైగా విధుల్లో లేడు కాబట్టి ఉద్యోగం దానంతట అదే పోయిందని ప్రభుత్వం ఉత్తర్వు ఇచ్చింది. తర్వాత పెన్షన్ కూడా రాదు పొమ్మంది. ఐదుగురు సుప్రీంకోర్టు న్యాయమూర్తులు ఆ ఉత్తర్వులను కొట్టేశారు. పెన్షన్ పాలకుల ఇష్టాయిష్టాలను బట్టి అందే బహుమానం కాదని, అది ఉద్యోగి ఆస్తి అని తేల్చారు.

అప్పుడు ఆస్తి హక్కు ప్రాథమిక హక్కు. 44వ సవరణతో దాన్ని అక్కడి నుంచి తీసి 300-ఎ అధికరణంగా పెట్టారు. చట్టం ఇచ్చిన అధికారం లేకుండా ఎవరి ఆస్తినీ తీసుకోకూడదన్నది దాని సారాంశం. మనలో చాలామంది ఈ వాక్యంలో రెండో సగమే వింటారు. మొదటి సగం కూడా వినాలి. చట్టం అధికారం ఇస్తే తీసుకోవచ్చు. పెన్షన్ విషయంలో ఆ అధికారం పేరు రూల్ 9.

1980 నాటి ఆంధ్రప్రదేశ్ సవరించిన పెన్షన్ నియమావళిలో తొమ్మిదో నియమం ఇది. రాష్ట్రం విడిపోయాక తెలంగాణ కూడా అదే నియమావళిని అన్వయించుకుంది. కేంద్ర ఉద్యోగులకు 1972 నియమావళిలోనూ దీని సంఖ్య తొమ్మిదే. 2021లో కొత్త నియమావళి వచ్చాక అక్కడ ఎనిమిది అయింది. సంఖ్య మారినా దెబ్బ మారలేదు. ఉద్యోగ కాలంలో తీవ్రమైన దుష్ప్రవర్తనకు గానీ నిర్లక్ష్యానికి గానీ పాల్పడ్డాడని శాఖాపరమైన విచారణలోనో కోర్టులోనో తేలితే, ప్రభుత్వం పెన్షన్‌లో కొంత గానీ మొత్తం గానీ ఆపవచ్చు. కొంతకాలం ఆపవచ్చు, శాశ్వతంగానూ ఆపవచ్చు. ఖజానాకు నష్టం జరిగి ఉంటే అందులోంచి రాబట్టుకోవచ్చు.

ఈ నియమంలో మూడు తాళాలు ఉన్నాయి. చాలామంది పెన్షనర్లు వాటిని గమనించరు. ఉత్తర్వులు రాసే గుమస్తాలు కూడా ఒక్కోసారి గమనించరు.

ఒకటి, తప్పు తేలాలి. ఆరోపణ చాలదు. రెండోది, తేలిన తప్పు తీవ్రమైనదై ఉండాలి. దీనికి అందరూ చదవవలసిన కేసు డి.వి. కపూర్‌ది. ఆయన లండన్‌లోని భారత హైకమిషన్‌లో అసిస్టెంటు. 1978లో ఢిల్లీకి బదిలీ చేశారు. భార్య అనారోగ్యం వల్ల వెళ్ళలేకపోయాడు. స్వచ్ఛంద పదవీ విరమణ అడిగాడు. విధులకు రాలేదని విచారణ పెట్టారు. విచారణాధికారి ఏమన్నాడు? రాకపోవడం నిజమే గానీ కావాలని చేసింది కాదు, పరిస్థితుల వల్ల జరిగింది అన్నాడు. అయినా మొత్తం పెన్షన్, రిటైరైనప్పుడు ఒకేసారి చేతికి వచ్చే గ్రాట్యుటీ మొత్తం శాశ్వతంగా ఆపేశారు! 1990లో సుప్రీంకోర్టు ఆ ఉత్తర్వును కొట్టేసింది. తీవ్రమైన దుష్ప్రవర్తన అన్న నిర్ధారణే లేనప్పుడు పెన్షన్ మీద చెయ్యి వేసే అధికారమే పుట్టదని చెప్పింది. మీకు వచ్చిన తుది ఉత్తర్వులో 'తీవ్రమైన' అన్న నిర్ధారణ ఎక్కడుందో వెతకండి. కొన్ని ఉత్తర్వుల్లో అభియోగాలు రుజువయ్యాయి అని ఒక వాక్యం, కాబట్టి పెన్షన్ కోత అని తర్వాతి వాక్యం ఉంటాయి. మధ్యలో ఉండవలసిన వాక్యం ఉండదు.

మూడో తాళం తేదీ. ఇక్కడ కాస్త నిలబడదాం. ఉద్యోగంలో ఉండగా విచారణ మొదలైతే, రిటైరైనా అది రూల్ 9 కింద కొనసాగుతుంది. ఘటన ఎన్నేళ్ళ నాటిది అన్న ప్రశ్న ఈ నియమంలో అక్కడ రాదు. ఉద్యోగంలో ఉండగా మొదలుకాకపోతే మాత్రం రెండు షరతులు. ప్రభుత్వ అనుమతి ఉండాలి. ఘటన జరిగి నాలుగేళ్ళు దాటకూడదు.

విచారణ మొదలైంది అనడానికి కొలమానం ఏమిటి? అభియోగ పత్రం, అంటే మనం చార్జ్ మెమో అనేది, ఉద్యోగికి జారీ అయిన తేదీ. అంతకు ముందే సస్పెండ్ చేసి ఉంటే సస్పెన్షన్ తేదీ. ప్రాథమిక విచారణ లెక్కలోకి రాదు. వివరణ అడిగిన మెమో రాదు. విజిలెన్సు వాళ్ళు వచ్చి ఫైళ్ళు పట్టుకుపోవడం రాదు. క్రిమినల్ కేసులోనూ అంతే. మేజిస్ట్రేటు విచారణకు స్వీకరించిన పోలీసు నివేదిక గానీ ఫిర్యాదు గానీ ఏ రోజున దాఖలైందో ఆ రోజు కోర్టు వ్యవహారం మొదలైనట్టు. ఎఫ్ఐఆర్ నమోదు ఒక్కటే చాలదు.

ఇప్పుడు ఒక లెక్క వేద్దాం. 2018 మార్చిలో ఏదో కొనుగోలులో అక్రమం జరిగింది అనుకోండి. ఉద్యోగి 2023 జూన్ 30న రిటైరవుతున్నాడు. జూన్ 29న చార్జ్ మెమో చేతికి ఇస్తే విచారణ నిలుస్తుంది. జూలై 3న ఇస్తే నాలుగేళ్ళు ఎప్పుడో దాటిపోయాయి, నిలవదు. ఐదేళ్ళు బీరువాలో నిద్రపోయిన ఫైలు పదవీ విరమణ వారంలో లేచి పరుగెత్తడానికి కారణం ఇదే. శాలువా కొనడానికి తోటి ఉద్యోగులు బజారుకు వెళ్ళిన రోజే ఆఫీసులో మెమో టైపు అవుతుంటుంది.

ఈ నాలుగేళ్ళ గడువును కోర్టులు ఖాయంగానే పట్టుకున్నాయి. సీఆర్‌పీఎఫ్ అధికారి ఒకరి మీద 1990ల నాటి వ్యవహారంలో రిటైరయ్యాక కొత్తగా అభియోగాలు మోపారు. రాష్ట్రపతి అనుమతి కూడా తీసుకున్నారు. 2016లో సుప్రీంకోర్టు గడువు దాటిందని ఆ చర్యను రద్దు చేసింది. అనుమతి ఉన్నంత మాత్రాన గడువు పెరగదు. అయితే ఈ నాలుగేళ్ళు శాఖాపరమైన విచారణకు సంబంధించిన లెక్క. అవినీతి కేసులో ప్రాసిక్యూషన్ దారి వేరు. దాన్ని దీనితో కలపకండి.

ప్రభుత్వ రంగ సంస్థల్లో పని చేసినవారు కొందరు ఇక్కడ ఉన్నారు. మీకు రూల్ 9 వర్తించకపోవచ్చు. మీ సంస్థ సొంత నియమాలు చూడాలి. 1999లో ఒడిశా ఆర్థిక సంస్థ కేసులో, రిటైరయ్యాక విచారణ కొనసాగించే నియమమే లేదు కాబట్టి విచారణ ఆగిపోయినట్టే అంది సుప్రీంకోర్టు. 2020లో మహానది కోల్‌ఫీల్డ్స్ కేసులో అలాంటి నియమం ఉంది కాబట్టి రిటైరైన తర్వాత కూడా డిస్మిస్ చేయవచ్చని, గ్రాట్యుటీ ఆపవచ్చని మెజారిటీ తీర్పు వచ్చింది. నియమం ఉందా లేదా అన్న దాని మీదే అంతా తిరుగుతుంది.

ఇక విచారణ నడుస్తున్నంత కాలం చేతికి ఏమి వస్తుంది? తాత్కాలిక పెన్షన్ వస్తుంది. మన నియమావళిలో అది రూల్ 52. కేంద్ర ఉద్యోగికైతే సర్వీసును బట్టి రాగల గరిష్ఠ పెన్షన్‌తో సమానంగా ఇవ్వాలి. జీపీఎఫ్‌లో, అంటే భవిష్య నిధిలో, జీతంలోంచి దాచుకున్న సొమ్ము మీది, అది వస్తుంది. ఆగేవి రెండు: గ్రాట్యుటీ, కమ్యుటేషన్ (పెన్షన్‌లో కొంత భాగాన్ని ముందుగానే ఒకేసారి తీసుకోవడం). సంపాదిత సెలవుల నగదు విషయంలో, రాబట్టవలసింది తేలే అవకాశం ఉంటే ఆపే అధికారం ఉంటుంది. మన రెండు రాష్ట్రాల్లో గ్రాట్యుటీ పరిమితి ఇప్పుడు 16 లక్షల రూపాయలు, కేంద్రంలో 25 లక్షలు. ఇంటి అప్పు తీర్చడానికో కూతురి పెళ్ళికో ఉద్యోగి లెక్క వేసుకునేది ఈ మొత్తం మీదే. నెలనెలా పెన్షన్ వస్తోంది కదా, ఇక బాధేమిటి అనే అధికారులు ఈ సంగతి మరిచిపోతారు.

ఇక్కడ వాట్సాప్‌లో తిరిగే ఒక మాట గురించి చెప్పాలి. విచారణ పెండింగులో ఉండగా పెన్షన్, గ్రాట్యుటీ ఆపకూడదని సుప్రీంకోర్టు 2013లో చెప్పేసిందట, ఆ తీర్పు జత చేసి దరఖాస్తు పెడితే డబ్బు వచ్చేస్తుందట. తీర్పు నిజమే. 2013 ఆగస్టులో జార్ఖండ్ ప్రభుత్వం ఓడిపోయిన కేసు. పశుసంవర్ధక శాఖ ఉద్యోగి ఒకరికి 90 శాతం తాత్కాలిక పెన్షన్ ఇచ్చి, మిగతా పది శాతం, గ్రాట్యుటీ, సెలవుల నగదు ఆపారు. జస్టిస్ ఎ.కె. సిక్రీ రాసిన ఆ తీర్పు నాకు చాలా ఇష్టం. కానీ దాన్ని చివరిదాకా చదవాలి. ఆ రాష్ట్రానికి వర్తించే బీహార్ పెన్షన్ నియమాల్లో విచారణ పూర్తికాక ముందే ఆపే అధికారం లేదు. కేవలం ఒక సర్క్యులర్ పట్టుకుని ఆపారు. సర్క్యులర్ చట్టం కాదు, 300-ఎ ముందు నిలవదు అన్నారు. మన నియమావళిలో మాత్రం విచారణ ముగిసేదాకా గ్రాట్యుటీ చెల్లించకూడదని నియమమే ఉంది. కాబట్టి ఆ తీర్పు మన గ్రాట్యుటీ తాళం తీయదు. నియమంలో లేని దాన్ని ఏదైనా మెమో చూపించి ఆపితే మాత్రం ఆ తీర్పే మీ ఆయుధం.

కొందరు మిత్రులకు నా తర్వాతి మాట నచ్చకపోవచ్చు. రూల్ 9 ఉండటమే అన్యాయం అని నేను అనను. హాస్టలు పిల్లల బియ్యం అమ్ముకున్నవాడు, భూసేకరణ పరిహారంలో వాటా తిన్నవాడు జూన్ 30 సాయంత్రం ఐదు గంటలు దాటగానే పునీతుడైపోడు. అలాంటివాడి పెన్షన్ కోసం సంఘం జెండా పట్టుకోవలసిన పని లేదు. నా ఫిర్యాదు అధికారం మీద కాదు. దాన్ని చేతిలో పెట్టుకుని ఏళ్ళ తరబడి తేల్చకపోవడం మీద. తప్పు రుజువైన మనిషికి శిక్ష ఒక ఉత్తర్వుతో వస్తుంది, దాని మీద అప్పీలుకో కోర్టుకో వెళ్ళవచ్చు. ఏమీ తేలని మనిషికి ఉత్తర్వే ఉండదు. దేని మీద వెళ్ళాలి? గ్రాట్యుటీ ఆగే ఉంటుంది, వయసు ఆగదు.

ఆలస్యం మీద మన ఉమ్మడి రాష్ట్రం నుంచి వెళ్ళిన కేసే ఒకటి దేశమంతా ఉదాహరిస్తారు. హైదరాబాద్ నగరపాలక సంస్థలో పట్టణ ప్రణాళిక అధికారి ఒకరు. అక్రమ కట్టడాల విషయంలో 1987లో ఏసీబీ నివేదిక ఇచ్చింది. ఆయన మీద చార్జ్ మెమో 1995లో జారీ అయింది. ఎనిమిదేళ్ళు! ఆలస్యానికి ఉద్యోగి కారణం కాదు, ప్రభుత్వం చెప్పగలిగిన సమాధానమూ లేదు. ఉద్యోగుల వివాదాలు చూసే ట్రిబ్యునల్ మెమోను కొట్టేసింది, 1998లో సుప్రీంకోర్టు ట్రిబ్యునల్‌ను సమర్థించింది. ఆలస్యమైతే ప్రతి కేసూ పోతుందని మాత్రం ఆ తీర్పు చెప్పలేదు. అభియోగం ఎంత తీవ్రం, ఆలస్యానికి ఎవరు కారణం, ఉద్యోగి వాదనకు ఎంత నష్టం జరిగింది అని తూకం వేయమంది. వాయిదాలు మీరే అడిగి తర్వాత ఆలస్యం అంటే కోర్టు వినదు. అందుకే విచారణలో మీరు ఇచ్చిన ప్రతి లేఖకూ రసీదు తీసుకోండి. విచారణాధికారి బదిలీ అయి కొత్తవారు రాకపోతే, ఎందుకు వేయలేదని రాతపూర్వకంగా అడగండి. సమాధానం రాదని మనకూ తెలుసు. అడిగిన కాగితం తేదీతో సహా మీ ఫైలులో ఉండాలి, అంతే. 2015లో సుప్రీంకోర్టు శాఖాపరమైన విచారణలను ఆరు నెలల్లో, తప్పనిసరైతే గరిష్ఠంగా ఏడాదిలో ముగించాలంది. ఆ వాక్యాన్ని మీ లేఖలో పెట్టండి.

వడ్డీ మాట చాలామంది అడగడానికి సిగ్గుపడతారు. ఎందుకు? 1984లో కేరళ ప్రభుత్వం మీద వచ్చిన సుప్రీంకోర్టు తీర్పు ఉంది. ఒక విశ్రాంత ఉద్యోగి పెన్షన్, గ్రాట్యుటీ ఆలస్యమయ్యాయి. కారణం ఆఖరి వేతన ధ్రువపత్రం అందకపోవడం. అంటే మా ఖజానా వాళ్ళ ఘనకార్యమే. (నవ్వులు) పదవీ విరమణ తేదీ నుంచి రెండు నెలలు దాటితే మార్కెట్ రేటున వడ్డీ కట్టమంది కోర్టు. మొన్న 2020లో ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం కోవిడ్ పేరుతో జీతాలు, పెన్షన్లు కొంత వాయిదా వేసింది. ఒక విశ్రాంత జిల్లా జడ్జి కోర్టుకు వెళ్ళారు. హైకోర్టు 12 శాతం వడ్డీ అంది, 2021 ఫిబ్రవరిలో సుప్రీంకోర్టు దాన్ని ఆరుకు తగ్గించింది, కానీ వడ్డీ కట్టాల్సిందే అంది. ఇక మన అంశానికి వస్తే, కేంద్రంలో ఒక స్పష్టమైన లెక్క ఉంది. విచారణలో ఉద్యోగి పూర్తిగా నిర్దోషిగా తేలితే, గ్రాట్యుటీ రిటైరైన మర్నాటి నుంచే బాకీ పడినట్టు లెక్కించి వడ్డీ ఇవ్వాలి. తప్పు లేదని తేలినవాడికి అసలు ఒక్కటే చేతిలో పెట్టి పంపడం ఏ న్యాయం? రాష్ట్ర నియమాల్లోనూ ఇదే మాట ఇంతే స్పష్టంగా రాయాలని సంఘం తరఫున అడుగుదాం. నేను ఈ సభలో పెట్టదలచుకున్న డిమాండు ఇది ఒక్కటే. దాని పక్కన ఒక గడువు: రిటైరైనవారి మీద విచారణ రెండేళ్ళలో తేలకపోతే గ్రాట్యుటీలో కొంత భాగం హామీ పత్రం తీసుకుని విడుదల చేయాలి.

ప్రశ్నలు ఉంటే అడగండి. కార్యదర్శిగారు గడియారం చూస్తున్నారు, రెండు తీసుకుంటాను.

(ఒక సభ్యుడు: ఏసీబీ కేసును కోర్టు కొట్టేసింది సార్. శాఖాపరమైన విచారణ కూడా పోయినట్టేనా?)

దానంతట అది పోదు మాస్టారూ. క్రిమినల్ కోర్టులో సందేహానికి తావు లేకుండా రుజువు కావాలి, శాఖలో అంత అక్కరలేదు. రెండు చోట్లా అవే అభియోగాలు, అవే సాక్ష్యాలు, అదే సాక్షులు అయి ఉండి, సాక్ష్యాలన్నీ పరిశీలించి కోర్టు గౌరవంగా విడుదల చేస్తే మీ వాదనకు బలం ఉంటుంది. సాక్షులు ఎదురుతిరిగినందువల్ల కొట్టేస్తే అంత బలం ఉండదు. తీర్పు నకలు తీసుకుని, ఏ పేరాలో మిమ్మల్ని ఎందుకు వదిలారో గుర్తు పెట్టి, ప్రభుత్వానికి వినతి ఇవ్వండి. ప్రభుత్వం అప్పీలుకు వెళ్ళిందో లేదో కూడా కనుక్కోండి.

(ఒక మహిళ: మా వారి మీద విచారణ నడుస్తుండగానే పోయారండీ. ఇప్పుడు నా ఫ్యామిలీ పెన్షన్ ఆపుతారా?)

లేదమ్మా. మనిషి పోయాక ఆయన మీద శాఖాపరమైన విచారణ ముందుకు సాగదు, మూసేయాలి. రూల్ 9 పెన్షనరు చేసిన తప్పుకు పెన్షనరు మీద వేసే చర్య. ఫ్యామిలీ పెన్షన్ మీ హక్కు. ఆఫీసులో ఎవరైనా 'కేసు ఉంది కదా, తేలాక చూద్దాం' అంటే, తేలడానికి ఇక అక్కడ ఏమీ మిగల్లేదని చెప్పండి. మరణ ధ్రువపత్రం జత చేసి, విచారణ ముగిసినట్టు ఉత్తర్వు ఇవ్వమని ఆయన చివరగా పని చేసిన శాఖకు ఒక దరఖాస్తు, ఫ్యామిలీ పెన్షన్‌కు మరో దరఖాస్తు, ఆగిన గ్రాట్యుటీ కోసం ఇంకొకటి, మూడూ వేరు వేరుగా ఇవ్వండి. కలిపి ఒక్క కాగితం మీద రాస్తే ఆ కాగితం ఒక్క బల్ల దగ్గరే ఉండిపోతుంది. ఆయన చార్జ్ మెమో నకలు మీ దగ్గర ఉందా? ఉంటే భోజనాల తర్వాత తీసుకురండి, కలిసి చూద్దాం.